ఆసు యంత్రం తీసుకున్నదేమిటి?

చేసే ఉద్యోగంలో అర్థం కనిపించడం లేదని ఎవరైనా అంటే, ధ్యానం చేయమనో, ఏదైనా అభిరుచి వెతుక్కోమనో చెప్పేవాళ్లకు కొదవ లేదు. రోజంతా చేసే ఆ పనిలో అతని బుద్ధికి చోటెంత ఉందని మాత్రం అడగరు.

1913లో కార్ల తయారీదారు హెన్రీ ఫోర్డ్ అమెరికాలోని డెట్రాయిట్ పక్కనున్న హైలాండ్ పార్క్ కర్మాగారంలో కదిలే అసెంబ్లీ లైన్ పెట్టాడు. పన్నెండు గంటలకు పైగా పట్టే కారు ఛాసిస్ (చట్రం) బిగింపు మరుసటి ఏడాదికల్లా దాదాపు గంటన్నరకు దిగింది. ఒకడు బోల్టు పెడితే నట్టు బిగించేవాడు ఇంకొకడు. ఆ పని భరించలేక ఎంతమంది మానేశారంటే, సుమారు 14,000 మందిని నిలుపుకోవడానికి ఏడాదిలో 50,000 మందికి పైగా చేర్చుకోవలసి వచ్చింది. 1914 జనవరిలో ప్రకటించిన 5 డాలర్ల రోజుకూలిని ఫోర్డ్ ఔదార్యమంటారు. నాకైతే అది పనిలోంచి లాగేసిన దానికి కట్టిన పరిహారంలా కనిపిస్తుంది.

అలాగని నేరమంతా యంత్రానిది కాదు. పోచంపల్లి చీరకు ఆసు పోయాలంటే, అంటే రంగులద్దే ముందు పోగును మేకుల చుట్టూ చుట్టాలంటే, చేతిని సుమారు 9,000 సార్లు తిప్పాలి. ఆలేరు ప్రాంతానికి చెందిన చింతకింది మల్లేశం, భుజం నొప్పితో బాధపడుతున్న తల్లి లక్ష్మి కోసం ఏళ్ల తరబడి తంటాలు పడి 1999లో ఆసు యంత్రం తయారు చేశారు. 2017లో పద్మశ్రీ వచ్చింది. ఆ యంత్రం తీసుకున్నది నొప్పిని. పోగుకు ఎక్కడ కట్టు కట్టాలో, ఏ రంగు అద్దాలో తేల్చే పనిని అది ముట్టుకోలేదు.

పనిలో తృప్తి ఉంటే చాలునని నేతగాడికి నీతులు చెప్పడం మాత్రం అన్యాయం. 2019-20 చేనేత గణన ప్రకారం దేశంలో మూడింట రెండు వంతుల చేనేత కుటుంబాల నెల రాబడి 5,000 రూపాయల లోపే. పిల్లలు మగ్గం వదిలి హైదరాబాద్‌లో డెలివరీ బండి ఎక్కితే ఎవరు తప్పు పడతారు?

అయితే ఆ బండి మీద ఫోర్డ్ లైనే మళ్లీ ఎదురవుతుంది, ఈసారి ఫోనులో. ఏ ఆర్డరు, ఏ దారి, ఎంత సమయం అన్నీ యాప్ తేలుస్తుంది. రేటింగ్ ఎందుకు పడిపోయిందో చెప్పే మనిషి దొరకడు. కేంద్రం చేసిన 2020 సామాజిక భద్రతా కోడ్ అనే చట్టం ఇలాంటి కార్మికులను గుర్తించింది కానీ దాని దృష్టి బీమా, సంక్షేమాల దగ్గరే ఆగింది. అవీ కావలసినవే. కర్ణాటక 2025లో చేసిన చట్టం మరో అడుగు వేసి, యాప్‌లోని స్వయంచాలక నిర్ణయాలు తమ పనిని ఎలా ప్రభావితం చేస్తాయో కార్మికులకు తెలపాలంది. ధ్యాన శిబిరాల కంటే ఇలాంటి నిబంధనల మీదే నాకు ఆశ ఎక్కువ.