మంచం కురచ, గది విశాలం

బెంగళూరులోని మారతహళ్లి చుట్టుపక్కల సొంత ఇంటి కోసం తిరిగే తెలుగువారందరూ నమూనా ఫ్లాటు అనే పుణ్యక్షేత్రాన్ని దర్శించే ఉంటారు. మొన్న అనంతపురం నుంచి వచ్చిన మా నాన్నగారిని వెంటబెట్టుకొని నేనూ వెళ్లాను.

పడకగదిలో అడుగుపెట్టగానే "ఎంత విశాలం!" అన్నవాణ్ణి నేనే. నన్ను నిందించవద్దు. రెటీనా మీద పడిన బొమ్మ దగ్గరున్న చిన్న వస్తువుదో, దూరానున్న పెద్ద వస్తువుదో ఆ బొమ్మ చెప్పదు; మెదడే ఊహించుకోవాలి. దీనినే 1867లో హెల్మ్‌హోల్ట్జ్ అనే జర్మన్ శాస్త్రవేత్త 'తెలియకుండా చేసే అనుమానం' అన్నాడు. ఇక్కడ అనుమానమంటే మన తర్కశాస్త్రం చెప్పేది, తెలిసినదాన్ని బట్టి తెలియనిదాన్ని ఊహించడం. రెండో రకం అనుమానం, అంటే సందేహం, ఆ ఏసీ చల్లదనంలో ఎవరికీ పుట్టదు. మంచమంటే ఆరడుగుల పైమాటేనని చిన్ననాటి నుంచి తెలిసిన మెదడు, చుట్టూ మిగిలిన జాగాను ఆ మంచంతోనే కొలుస్తుంది. కనుక మంచాన్ని కురచగా చేయించి, ఒక గోడ నిండా అద్దం బిగించి, తలుపులు పీకేస్తే, ఇటుక పేర్చకుండానే గది పెరుగుతుంది.

నాన్నగారు చెప్పులు విడిచి ఆ మంచం మీద వెల్లకిలా పడుకున్నారు. పాదాలు జానెడు బయటికి వచ్చాయి. టై కట్టుకున్న కుర్రవాడు పరుగున వచ్చి "అంకుల్, అది డిస్‌ప్లే కోసమండీ" అన్నాడు. "పండుకోనీకి కాకుంటే మంచమెందుకప్పా?" అని నాన్నగారు లేచి మోచేత్తో కొలిచారు. మూడు మూరల జానెడైనా లేదు. తరువాత కుర్చీలో కూర్చుంటే మోకాళ్లు గడ్డాన్ని పలకరించాయి. బీరువాలో హ్యాంగరు అడ్డంగా పట్టలేదు.

విచిత్రమేమిటంటే, ఇంత జరిగాక గుమ్మంలో నుంచి చూసినా నాకు గది విశాలంగానే కనిపించింది. 1889లో ముల్లర్-లయర్ అనే జర్మన్ పండితుడు చూపిన గీతలూ ఇంతే: బాణపు మొనలు ఒకదానికి బయటికీ, మరొకదానికి లోపలికీ తిరిగిన ఆ రెండు గీతలను స్కేలుతో కొలిచి సమానమని తేల్చుకున్నా, కంటికి ఒకటి పొడవుగానే ఉంటుంది. తెలిసినంత మాత్రాన భ్రమ వదలదు.

అందుకే "కొనేవాడే జాగ్రత్తగా ఉండాలి" అనేవారిని చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. వదిలించుకోవడం మనిషి వల్ల కాని బలహీనతను వెతికి పట్టుకొని, దాని కొలతకు మంచాలు కోయించేవాడిది వ్యాపారం కాదు, దొంగతనం! కార్పెట్ ఏరియా, అంటే ఇంటి లోపల నిజంగా వాడుకొనే జాగా, ఎంతో చెప్పి తీరాలని 2016 నాటి రెరా అనే స్థిరాస్తి చట్టం అంటుంటే, వీళ్లు లిఫ్టునూ మెట్లనూ కలిపి సూపర్ బిల్టప్ పాట పాడతారు. అక్కడ పెట్టబోయేది మా నాన్నగారు మూడెకరాల వేరుశనగ చేను అమ్మిన డబ్బు. ఆ చేనును నలుగురి ఎదుట గొలుసు లాగి కొలిచి మరీ అమ్మారు.

టోకెన్ ఎంత కడతారని కుర్రవాడు అడిగాడు. నాన్నగారు సంచిలో నుంచి టేపు తీశారు. టేపులు లోపలికి తేకూడదట.