నెలకో ట్రెక్కు కంటే వీధి చివర కానుగ చెట్టు

బెంగళూరులో ఉండే తెలుగువాళ్లను వీకెండ్ ప్లాన్ ఏంటని అడగండి. ఊరికి బస్సెక్కకపోతే నంది హిల్స్, లేదంటే స్కందగిరి అంటారు. తెల్లవారుజామున లేచి, కార్ల వరుసలో ఘాట్ రోడ్డెక్కి, మంచులో నాలుగు ఫొటోలు దిగి, మధ్యాహ్నానికల్లా మళ్లీ హెబ్బాళ ట్రాఫిక్‌లో ఉంటారు. వెళ్లొద్దని అనను. కానీ సోమవారం నుంచి శుక్రవారం దాకా చెట్టు నీడ పడని మనిషికి నెలకోసారి కొండెక్కితే ఒరిగేది కొంతే. మనసుకు కావాల్సిన పచ్చదనం రోజూ, నడిచి వెళ్లేంత దూరంలో, పైసా ఖర్చు లేకుండా దొరకాలి.

ఎందుకంటే ఈ ఊళ్లో మనమెవరో మనకు గుర్తుచేసేవన్నీ కొలతలే. ప్యాకేజీ, రేటింగ్, ఫ్లాట్ ఎక్కడ కొన్నామన్నది. రాత్రి పీజీ గదిలో లైటార్పి పడుకున్నాక కూడా మీటింగ్‌లో మేనేజర్ అన్న ముక్కే తలలో తిరుగుతుంది, ఆవు నెమరేసినట్టు అదే మాటను మళ్లీ మళ్లీ నములుతాం. సైకాలజిస్టులు దీన్ని రుమినేషన్ అంటారు, డిప్రెషన్‌కు దారితీసేవాటిలో ఇదొకటి. 2015లో స్టాన్‌ఫర్డ్‌లో గ్రెగరీ బ్రాట్‌మన్ బృందం 38 మందిని రెండు గుంపులు చేసి, ఒక గుంపును చెట్లూ గడ్డీ ఉన్న చోట, రెండో గుంపును వాహనాలు తిరిగే రోడ్డు పక్కన 90 నిమిషాలు నడిపించింది. చెట్ల మధ్య నడిచినవాళ్లలో ఈ నెమరు తగ్గింది, దానితో సంబంధమున్న మెదడు భాగంలో చురుకుదనమూ తగ్గింది. రోడ్డు పక్కన నడిచినవాళ్లలో ఆ మార్పు రాలేదు. నడిచిన సేపు ఒక్కటే, నడిచిన చోటే వేరు.

నాకు ఇంకా నచ్చింది 2017లో వచ్చిన మరో పరిశోధన. అమెరికాలో యోసెమిటీ అనే కొండల పార్కు చూడ్డానికి వచ్చినవాళ్లను, శాన్‌ఫ్రాన్సిస్కో రేవులో షికారుకొచ్చినవాళ్లను ఎవరి బొమ్మ వాళ్లనే గీసుకోమన్నారు. కొండల ముందు నిలబడ్డవాళ్లు తమను తాము చిన్నగా గీసుకున్నారు. అది తమను తక్కువ చేసుకోవడం కాదు. ఇక్కడి లాల్‌బాగ్ తోటలో గుట్టెక్కి కూర్చుంటే అదేంటో తెలుస్తుంది. ఆ రాయి వయసు సుమారు 300 కోట్ల సంవత్సరాలు. 1760లో హైదర్ అలీ తోట మొదలుపెట్టడం మాట అటుంచండి, భూమ్మీద చెట్టనేదే పుట్టకముందు నుంచీ ఉంది. సాయంత్రం అరచెయ్యి ఆనిస్తే మధ్యాహ్నపు ఎండ ఇంకా వెచ్చగా తగులుతుంది. జీతం పెరగలేదన్న బాధ అక్కడ పోదు, కానీ దాని అసలు సైజు ఎంతో కనబడుతుంది.

వలసొచ్చినవాళ్లకు ఇంకోటి కూడా ఉంది. వేసవి మొదట్లో ఇక్కడి కానుగ చెట్లు తెలుపూ లేత ఊదా కలిసిన పూలను ఫుట్‌పాత్ నిండా రాలుస్తాయి. అనంతపురం నుంచి వచ్చినప్పుడు మా అమ్మ లిఫ్ట్‌లో, మాల్‌లో బెరుకుగా ఉంటుంది, వీధి చివర కానుగ కింద మాత్రం తనంతట తనే ఆగుతుంది. ఆకు నలిపి వాసన చూసి, "దీని పుల్లతోనేరా మేం పళ్లు తోముకున్నది, దీని నూనెతోనే దీపాలు" అని మొదలుపెడుతుంది. ఆ కాసేపు ఈ ఊళ్లో తనకూ తెలిసిన సంగతి ఉన్న మనిషి ఆమె. వింటున్న నాకూ ఎంప్లాయీ ఐడీ రాకముందు నేనెవరో గుర్తొస్తుంది.

అలాగని చెట్టు మందు కాదు. 2019లో ఇంగ్లండ్‌లో సుమారు 20 వేల మందిపై వచ్చిన అధ్యయనంలో వారానికి 120 నిమిషాలైనా ప్రకృతిలో గడిపేవాళ్లు, అసలు గడపనివాళ్లకంటే ఎక్కువగా తాము ఆరోగ్యంగా, బాగున్నామని చెప్పారు. ఆ సమయం ఒకేసారి గడిపినా ముక్కలుగా గడిపినా తేడా లేదు. కానీ బాగున్నవాళ్లే ఎక్కువగా బయటికి వెళ్తారేమోనన్న అనుమానం మిగిలే ఉంది. నిజంగా డిప్రెషన్‌లో ఉండి మంచం దిగలేని స్నేహితుడికి "కాస్త పార్కుకెళ్లి రారా" అని చెప్పడం చాలా అన్యాయం. అతనికి డాక్టరు కావాలి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ నంబర్ 14416కు ఫోన్ చేస్తే తెలుగులోనే మాట్లాడొచ్చు.

మిగతా మనందరికీ రోజూ దొరికే ఆ నీడ మాత్రం దానంతటదే నిలవదు. పదేళ్లుగా ఇక్కడుంటున్న మనవాళ్లలో కూడా "అద్దెకున్నవాళ్లం, మనకెందుకు" అనే మాట వింటుంటాను, విన్న ప్రతిసారీ బాధేస్తుంది. 2016లో స్టీల్ ఫ్లైఓవర్ కోసం వందల చెట్లు కొట్టేస్తారని తెలిసి జనం మానవహారం కట్టారు, మరుసటి ఏడాది ప్రభుత్వం ఆ ప్రాజెక్టునే వదులుకుంది. 50 కంటే ఎక్కువ చెట్లు కొట్టాలంటే ముందు ప్రజల అభ్యంతరాలు అడగాలని కర్ణాటక చెట్ల సంరక్షణ చట్టంలోనే ఉంది. అభ్యంతరం రాయడానికి ఇక్కడ సొంతిల్లు ఉండక్కర్లేదు. ఈసారి మీ ఏరియాలో అలాంటి నోటీసు కనిపిస్తే ఫొటో తీసి అపార్ట్‌మెంట్ వాట్సాప్ గ్రూపులో పెట్టండి, గడువు దాటకముందే మీ అభ్యంతరం పంపండి.