అమ్మ చెయ్యెత్తింది

మొన్న డిసెంబరులో అమెరికాలోని మన సంఘం సేవా కార్యక్రమాలకి హైదరాబాదు వచ్చినవాళ్ళకి కొండాపూర్ ఫంక్షన్ హాల్లో జరిగిన ఆరోగ్య సదస్సు గుర్తుండే ఉంటుంది. శాలువాలు, మెమెంటోలు అయిపోయి, భోజనాలకి ఇంకా గంట ఉందనగా పెట్టారు. వక్త ఎవరో మీకు తెలుసు కనక పేరు రాయను. తెల్ల విషాల జాబితా చదివారు. పంచదార, మైదా, ఉప్పు, పాలిష్ బియ్యం. అంతవరకూ యూట్యూబులో రోజూ వింటున్నదే. ఆ తర్వాత కాస్త ఆగి, "వీటన్నిటికీ పెద్దన్న ఎవరో చెప్పనా? పాలు!" అన్నారు. "ఇంకా ఆవుపాలు తాగుతున్నవాళ్ళు చేతులెత్తండి."

నిండు హాల్లో ఒకే ఒక్క చెయ్యి లేచింది. మూడో వరసలో, నా పక్క కుర్చీలో, మా అమ్మది. ఎనభై ఒకటేళ్ళ మనిషి, అడిగారు కదా అని ఎత్తింది.

"అమ్మమ్మగారూ! ఇంకా దూడ నోటికాడివి లాక్కుంటున్నారా?"

హాలంతా ఘొల్లున నవ్వింది. నేనూ నవ్వాను. మిగతావాళ్ళ నవ్వు నేను మర్చిపోగలను, నాది మర్చిపోలేకపోతున్నాను. కారెక్కాక అమ్మ అడిగింది: "గట్ల నవ్విండ్రేంరా? నా చెయ్యి జల్ది కిందికి దిగలేదనా?" అవునన్నాను.

విషం సంగతి విన్న జనం నేరుగా వెళ్ళి నిలబడింది ఎక్కడో కూడా చెప్పాలి. బయట వరండాలో ఇరానీ చాయ్ స్టాల్ దగ్గర. గంటలకొద్దీ మరిగి మీగడ కట్టిన పాలు పోసే చాయ్. లైను మెట్ల దాకా ఉంది. నేను రెండు కప్పులు తాగాను.

మా ఇల్లు తార్నాకలో. ఒకవైపు జాతీయ పోషకాహార సంస్థ, 1918లో కూనూరులో మొదలై 1958లో మా ఊరికి వచ్చినది. ఇంకోవైపు లాలాపేట డెయిరీ. పాల గురించి చెప్పేవాళ్ళకీ పాలు పోసేవాళ్ళకీ మధ్యలో పెరిగానన్నమాట. అయినా పాలు సులువుగా దొరికేవి కావు. తెల్లవారుజామున నాలుగున్నరకి బూత్ ముందు మనుషులకన్నా ముందు రాళ్ళు లైన్లో ఉండేవి. ఎర్రదారం కట్టిన ఇటుకముక్క ఉందంటే అది అమ్మ అని అర్థం. ఎవరైనా దాన్ని కాలితో పక్కకి నెట్టారని తెలిస్తే ఆ రోజు ఆ వీధిలో కాకి వాలేది కాదు. ప్యాకెట్ మూల కత్తిరించి గిన్నెలో వంపాక, దాన్లో చెంబెడు నీళ్ళు పోసి కడిగి, ఆ నీళ్ళు కూడా గిన్నెలోకే. ఖాళీ కవర్లు తీగ మీద ఆరేసి, పాతసామాన్లవాడికి కిలోల లెక్కన అమ్మేది. నేను అమెరికాలో మొదటిసారి గాలన్ పాలడబ్బా అడుగున మిగిలిన పాలు సింకులో పారబోసిన రోజున నా చెయ్యి వణికిందంటే మా పిల్లలు నమ్మరు.

అసలు మేం తాగినవి ఆవుపాలు కూడా కాదు. తెలుగిళ్ళలో చాలామటుకు బర్రెపాలే కదా. ఆవుపాలు చంటిపిల్లలకి, జ్వరం తగ్గినవాళ్ళకి, అభిషేకానికి. "ఆవుపాలు తేలిక" అన్నది మా ఇంట్లో వేదవాక్యం.

ఆ వేదవాక్యం వల్లే మా తమ్ముడికి ప్రాణం మీదికి వచ్చింది. వాడికి ఆరో నెల రాకముందే తన పాలు చాలడం లేదని అమ్మకి ఎవరో నూరిపోశారు. వీధి చివర ఆవు ఉన్న ఇంట్లో తెచ్చి, సగం నీళ్ళు కలిపి, చక్కెర వేసి సీసాలో పట్టింది. పది నెలలకి వాడు తెల్లకాగితంలా అయ్యాడు. రంగు తేలుతున్నాడని చుట్టాలు మురిసిపోయారు కూడా! పిల్లల డాక్టరు కింది రెప్ప లాగి చూసి అమ్మని చెడామడా తిట్టాడు. ఆవుపాలలో ఇనుము దాదాపు లేదు. పైగా పసిపేగుల్లో కంటికి కనబడనంత నెత్తురు కారేలా చెయ్యగలవు. ఏడాది నిండేదాకా తల్లిపాలకి బదులుగా అవి పట్టొద్దని ఇప్పుడు చాలామంది పిల్లల డాక్టర్లు చెబుతారు. మా వీధిలో అమ్మలందరూ పట్టారు, ప్రేమతోనే పట్టారు. కానీ ప్రేమలో ఇనుము ఉండదు కదా. తమ్ముడు ఐరన్ చుక్కలతో కోలుకున్నాడు. అమ్మ మాత్రం ఇవాళ్టికీ వాడి కింది రెప్ప లాగి చూస్తుంది. వాడికి నలభై దాటాయి.

కాబట్టి పాలు అమృతమని నేను వాదించను. నా ఒంటికే పడవు. అమెరికా వచ్చిన కొత్తల్లో హాస్టల్ మెస్సులో ఎంత తాగినా ఉచితమని పెద్ద గ్లాసులు లాగించి, క్లాసులో పొట్ట పట్టుకుని కూర్చునేవాణ్ణి. తిండి మారిందనుకున్నాను. పదేళ్ళ తర్వాత గానీ లాక్టోజ్ అనే మాట నా చెవిన పడలేదు. పాలలో ఉండే చక్కెర అది, కొందరికి అరగదు. నేనొక్కణ్ణే కాదు. 1981లో అచ్చయిన ఒక అధ్యయనంలో ఢిల్లీలో పరీక్షించినవాళ్ళలో 27 శాతం మందికి లాక్టోజ్ పడలేదు, త్రివేండ్రం, పుదుచ్చేరిలలో 66 శాతం మందికి. మరి మన పెద్దవాళ్ళు ఎలా నెట్టుకొచ్చారంటే, గ్లాసులో కన్నా కంచంలోనే ఎక్కువ తీసుకున్నారు, పెరుగుగా. తోడు చుక్కలోని సూక్ష్మజీవులు ఆ లాక్టోజ్‌లో కొంత ముందే తినేసి పెడతాయి. అందుకే పాలు పడని నేను పెరుగన్నం రెండుసార్లు కలుపుకుంటాను.

వక్తగారు తెరమీద చూపిన స్వీడన్ అధ్యయనం కూడా ఉన్నదే, 2014 నాటిది. రోజుకి మూడు గ్లాసులు, ఆపైన తాగిన స్త్రీలలో ఎముకలు విరగడం తగ్గలేదు సరికదా మరణాలు ఎక్కువ కనిపించాయి. కారణం పాలేనని తేల్చినట్టు కాదని ఆ పరిశోధకులే జాగ్రత్త చెప్పారు. పులియబెట్టిన పాలు, చీజ్ తీసుకున్నవాళ్ళలో లెక్క దీనికి తలకిందులుగా వచ్చింది. ఆ ముక్క తెరమీద లేదు. మా అమ్మ తాగేది రోజుకి అరగ్లాసు, పసుపు వేసుకుని.

కల్తీ భయమంటారా, అది నిజం. ఆహార భద్రత చూసే కేంద్ర సంస్థ ఎఫ్.ఎస్.ఎస్.ఎ.ఐ. 2018లో దేశమంతా 6,432 నమూనాలు పరీక్షిస్తే కల్తీ అని తేలినవి 12. అందులో ఎక్కువ మన తెలంగాణవే. పన్నెండేనా అని ఊరట పడాలో, మనవే ఎక్కువని సిగ్గుపడాలో నాకు పాలుపోలేదు.

ఇక ఏ2 వేడుక. ఏ1, ఏ2 అన్నవి పాలలోని ఒక మాంసకృత్తులో రెండు రకాలు, ఏ2 మేలని చెప్పి అమ్ముతారు. విషమని తల ఊపిన మిత్రుడే మర్నాడు కోకాపేటలో తన ఫ్లాట్ గుమ్మం ముందున్న గాజుసీసా చూపించి "దేశీ ఆవు, ఏ2" అన్నాడు గర్వంగా. లీటరు వంద దాటిందట. ఈ ఏ1, ఏ2 మాటలు ప్యాకెట్ల మీద రాయొద్దని 2024 ఆగస్టు 21న ఎఫ్.ఎస్.ఎస్.ఎ.ఐ. ఆదేశించి, 26న వెనక్కి తీసుకుంది. అయిదు రోజుల ముచ్చట! బర్రెపాలు పుట్టుకతోనే ఏ2. ఎర్రదారం ఇటుకతో అమ్మ సంపాదించిన వాటిలోనూ అవే ఎక్కువ, ఎవరూ సీసాలో పెట్టి చెప్పలేదు.

ఇంత రాయడం అమ్మ కోసమే అయితే ఊరుకునేవాణ్ణి. సదస్సు ఊపులోనే కమిటీలో ఒక మాట లేచింది. నల్లగొండ హాస్టల్ ఆడపిల్లలకి మనం సాయంత్రం పూట ఇస్తున్న గ్లాసు పాలు ఆపి, వచ్చే ఏడు నుంచి బాదంపాలు ఇద్దామట. మనూళ్ళో బాదంపాలంటే పాలలో బాదం. వీళ్ళు చెప్పేది నీళ్ళలో బాదం. కప్పు పాలలో ఎనిమిది గ్రాముల మాంసకృత్తులుంటే, డబ్బాల్లో అమ్మే ఆ పానీయంలో సుమారు ఒక గ్రాము. నేను హైదరాబాదు దుకాణంలో చూసిన ధర టోన్డ్ ప్యాకెట్‌కి నాలుగైదు రెట్లు. మనం నెయ్యి, పనీరు, చీజు, చేప, గుడ్డు అన్నీ తినేవాళ్ళం. మనకి పాలు మానేసినా లోటు లేదు. ఆ పిల్లల కంచంలో పప్పే నీళ్ళగా ఉంటుంది, నేను తిని చూశాను. పోషకాహార సంస్థ 2024 మార్గదర్శకాల్లో రోజుకి 300 మిల్లీలీటర్ల పాలు లేదా పెరుగు అంటోంది. 2015లో మొదలైన తెలంగాణ ప్రభుత్వ పథకం ఆరోగ్యలక్ష్మిలో గర్భిణులకి అంగన్‌వాడీలో భోజనంతో పాటు గుడ్డు, 200 మిల్లీలీటర్ల పాలు పెట్టారు. రాగులూ నువ్వులూ ఇస్తామంటే సంతోషం, వాటిలో కాల్షియం పాలకన్నా చాలా ఎక్కువ. పాలతో పాటు ఇవ్వండి, పాలు తీసేసి కాదు.

బడ్జెట్ కమిటీలో ఉన్న అన్నలకీ వదినలకీ నా మనవి: ఆ పద్దు కొట్టెయ్యకండి. కావాలంటే నా వంతు చందా పెంచుతాను, కోశాధికారిగారికి ఆ మాట ఇప్పటికే చెప్పాను. తాగితే పొట్ట ఉబ్బే పిల్లలకి పెరుగో గుడ్డో మార్చి ఇద్దాం, వార్డెనమ్మకి అది కష్టం కాదు. ఎవరికి పడుతుందో, ఎవరికి పడదో ఆ పిల్లల్నే అడగండి. అందరి ముందూ చేతులెత్తించి మాత్రం కాదు, ఒక్కొక్కరినీ పక్కన కూర్చోబెట్టుకుని.