మ్యాచ్‌ని కాపాడుకున్నారు, జాక్‌ని వదిలేశారు

1941 డిసెంబర్. అమెరికా పశ్చిమ తీరాన ఆరెగాన్ రాష్ట్రంలో కొర్వాలిస్ అనే చిన్న ఊరు. ఆరెగాన్ స్టేట్ కాలేజీ ఫుట్‌బాల్ జట్టు ప్రాక్టీసులో ఉంది. మైదానంలోకి అమెరికా కేంద్ర దర్యాప్తు సంస్థ ఎఫ్‌బీఐ మనుషులు ఇద్దరు వచ్చారు. జాక్ యోషిహారా అనే కుర్రాణ్ని జట్టు నుంచి పక్కకు తీసుకెళ్లారు. మిగతావాళ్లతో కలిసి అతను రైలెక్కడానికి వీల్లేదు. జాక్ రెండో ఏడాది విద్యార్థి, రిజర్వు ఆటగాడు. పుట్టింది జపాన్‌లో. ఊహ తెలియని వయసులో అమెరికా వచ్చి, పోర్ట్‌లాండ్‌లో పెరిగాడు.

ఆ జట్టు ఎక్కబోతున్న రైలు మామూలుది కాదు. అమెరికన్ ఫుట్‌బాల్ అంటే మనం కాళ్లతో ఆడే ఫుట్‌బాల్ కాదని చాలామందికి తెలుసు. అందులో కాలేజీ జట్లకు రోజ్ బౌల్ పెద్ద పండగ. ఏటా సాధారణంగా కొత్త సంవత్సరం రోజున కాలిఫోర్నియాలోని పాసడీనాలో జరుగుతుంది. ఆరెగాన్ స్టేట్‌కి అంతకుముందు ఎన్నడూ ఆ అవకాశం రాలేదు.

ఆ ఏడాది వాళ్లు దాన్ని నిజంగా చెమటోడ్చి సంపాదించుకున్నారు. కోచ్ లాన్ స్టైనర్ జట్టుకు బలమంతా డిఫెన్స్‌లోనే ఉంది. తొమ్మిది మ్యాచుల్లో ఏడు గెలిచారు, ఐదింటిలో ఎదుటి జట్టుకు ఒక్క పాయింటు కూడా ఇవ్వలేదు. అంతకుముందు ఏడాది ఓటమే ఎరుగని స్టాన్‌ఫర్డ్‌ని 10–0తో ఓడించారు. నవంబర్ 29న సొంత రాష్ట్రంలోని పాత ప్రత్యర్థి, యూనివర్సిటీ ఆఫ్ ఆరెగాన్‌ని 12–7తో గెలిచి రోజ్ బౌల్ బెర్తు ఖాయం చేసుకున్నారు. సరిగ్గా ఎనిమిది రోజులకు, డిసెంబర్ 7న, హవాయిలోని అమెరికా నౌకా స్థావరం పెర్ల్ హార్బర్ మీద జపాన్ బాంబులు పడ్డాయి.

ఇక పశ్చిమ తీరమంతా టెన్షన్. రాత్రిళ్లు దీపాలార్పేశారు. వేలమంది ఒకచోట చేరితే శత్రువుకి టార్గెట్ అవుతారని, మ్యాచ్ ఆపమని తీర ప్రాంత సైన్యాధికారి జనరల్ జాన్ డెవిట్ కోరాడు. పాసడీనాలో మ్యాచ్ రద్దయింది. అప్పుడు ప్రత్యర్థి జట్టు డ్యూక్ యూనివర్సిటీ కోచ్ వాలెస్ వేడ్ మా ఊరికి రండి అన్నాడు. దేశానికి ఆ కొసన, నార్త్ కరోలినాలోని డర్హామ్ అది. ఇప్పుడు రాలీ–డర్హామ్ ప్రాంతంలో మన తెలుగు కుటుంబాలు బోలెడు. అక్కడి డ్యూక్ స్టేడియం ఇప్పుడు వాలెస్ వేడ్ పేరుతోనే ఉంది.

ఆ తర్వాత జరిగిన పని చూస్తే ముచ్చటేస్తుంది. చుట్టుపక్కల యూనివర్సిటీల నుంచి బెంచీలు అరువు తెచ్చి స్టేడియాన్ని పెంచారు. ఆరెగాన్ స్టేట్ జట్టు దేశం ఈ చివర నుంచి ఆ చివరకు రోజుల తరబడి రైల్లో ప్రయాణించింది. జనవరి 1న వాన తుంపరలో 56 వేల మంది వచ్చి కూర్చున్నారు. డ్యూక్ ఆ సీజన్‌లో ఒక్క మ్యాచ్ ఓడలేదు, వాళ్లే గెలుస్తారని అందరి లెక్క. సగం ఆటకి 7–7. మూడో క్వార్టర్‌లో బాబ్ డెత్‌మన్ విసిరిన బంతిని జీన్ గ్రే అందుకుని గీత దాటాడు, మొత్తం 68 గజాల టచ్‌డౌన్. చివరికి 20–16, గెలుపు ఆరెగాన్ స్టేట్‌ది. ఆ కాలేజీకి ఇప్పటిదాకా అదొక్కటే రోజ్ బౌల్ గెలుపు.

ఆ ఆటగాళ్లలో చాలామంది యుద్ధానికి వెళ్లారు, కొందరు తిరిగి రాలేదు. ఇటలీలో గాయపడి పడి ఉన్న డ్యూక్ ఆటగాడు చార్లెస్ హేన్స్‌ని కాపాడినవాళ్లలో ఆరెగాన్ స్టేట్ ఆటగాడు ఫ్రాంక్ పార్కర్ ఉన్నాడు. మైదానంలో ఒకర్నొకరు పడగొట్టుకున్నవాళ్లు యుద్ధంలో ఒకరి ప్రాణం ఒకరు నిలబెట్టుకున్నారు. గుండెని పట్టేసే కథ. ఆ సీజన్ గురించి ఎవరు చెప్పినా దీని దగ్గరే ఆగుతారు. నా అభ్యంతరం కూడా ఇక్కడే. ఇక్కడ ఆగితే జాక్ కథ పక్కకు పోతుంది.

జట్టు గెలిచిన ఏడు వారాలకు, ఫిబ్రవరి 19న, అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ 9066 నంబరు ఉత్తర్వు మీద సంతకం పెట్టాడు. సైన్యం గీసిన ప్రాంతాల నుంచి ఎవరినైనా పంపేసే అధికారం దానితో సైన్యానికి వచ్చింది. పశ్చిమ తీరంలోని జపాన్ మూలాల వాళ్లందరినీ ఇళ్లలోంచి ఖాళీ చేయించమని సిఫారసు చేసింది ఎవరో కాదు, మ్యాచ్ ఆపమన్న ఆ డెవిట్టే. దాదాపు లక్షా ఇరవై వేల మందిని శిబిరాల్లో పెట్టారు. అందులో మూడింట రెండొంతుల మంది అమెరికా పౌరులే. జాక్ చదువు మధ్యలో ఆగిపోయింది. పోర్ట్‌లాండ్‌లో వాళ్లని ముందు పెట్టింది పశువుల ప్రదర్శనశాలలో. పేడ మీద చెక్కలు పరిచి, పశువుల కొట్లని గదులుగా విడగొట్టారు. ఎండాకాలం ఆ చెక్కల సందుల్లోంచి వచ్చే కంపులో, ఈగల మధ్య సంసారాలు చేయాల్సొచ్చింది. అక్కణ్నుంచి జాక్‌ని ఐడహో రాష్ట్రంలోని మినిడోకా శిబిరానికి పంపారు.

యుద్ధం కదా, అప్పటి భయాన్ని ఇప్పటి కళ్లతో చూడకూడదు అనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. బాంబులు పడింది హవాయిలో. అక్కడి జనాభాలో మూడోవంతుకు పైగా జపాన్ మూలాల వాళ్లే. అయినా అక్కడ ఊళ్లకు ఊళ్లు ఖాళీ చేయించలేదు, కొద్దిమందిని మాత్రమే పట్టుకున్నారు. బాంబు పడిన చోట లేని అవసరం, పడని చోట ఎందుకొచ్చింది? తర్వాత అమెరికా ప్రభుత్వమే వేసిన కమిషన్ 1983లో ఇదే తేల్చింది. సైనిక అవసరం కాదు, జాతి ద్వేషం, యుద్ధ ఉన్మాదం, నాయకుల వైఫల్యం కారణమని చెప్పింది. 1988లో దేశం క్షమాపణ చెప్పి, బతికున్నవాళ్లకు తలా 20 వేల డాలర్లు ఇచ్చింది.

జాక్ పౌరుడు కాడు కదా అంటారేమో. కావాలన్నా అయ్యే దారి లేదు. జపాన్‌లో పుట్టినవాళ్లకు పౌరసత్వం ఇవ్వకూడదన్నది అప్పటి చట్టం, 1952 దాకా అంతే. మనవాళ్ల సంగతీ వేరు కాదు. 1923లో భగత్ సింగ్ తింద్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు భారతీయులు పౌరసత్వానికి పనికిరారని తీర్పిచ్చింది. ఆ తలుపు తెరుచుకున్నది 1946లో. ఈ రోజు అమెరికాలో గ్రీన్‌కార్డు క్యూలో నిలబడ్డ తెలుగు పిల్లలకి జాక్ కథ దూరపు కథలా అనిపిస్తుందంటే నేను నమ్మలేను. చదువుకుంటున్నావు, ఆడుతున్నావు, పక్కవాళ్లంతా పేరు పెట్టి పిలుస్తున్నారు. ఒక రోజు ఇద్దరు మనుషులొచ్చి నువ్వు వేరు అంటారు. అంతకు ముందురోజు దాకా నీకు ఆ సంగతే తెలీదు.

నన్ను ఎక్కువగా బాధపెట్టేది ఆ కాలం చూపించిన సత్తా. పెర్ల్ హార్బర్ తర్వాత నాలుగు వారాలు కూడా గడవకముందే ఒక మ్యాచ్‌ని ఒక సముద్రం ఒడ్డు నుంచి ఇంకో సముద్రం దగ్గరకు చేర్చగలిగారు. బెంచీలు, రైలు, టికెట్లు, అన్నీ కుదిరాయి. అనుమానానికి ఒక్క ఆధారమూ లేని ఒక కుర్రాడికి ఆ రైల్లో ఒక సీటు మాత్రం కుదరలేదు.

2021 జనవరి 1న కరోనా వల్ల రోజ్ బౌల్ మ్యాచ్‌ని టెక్సస్‌కి మార్చినప్పుడు, డర్హామ్ మ్యాచ్ కబుర్లు మళ్లీ బయటికొచ్చాయి. పాసడీనా దాటి రోజ్ బౌల్ జరగడం అది రెండోసారి మరి. స్కోరు గుర్తుంది, వాన గుర్తుంది. ఆ జట్టు పేరు చెప్పిన ప్రతిసారీ జాక్ పేరు కూడా చెప్పాలని నేను కోరుకుంటాను. ఆడనివ్వకపోయినా, అతను ఆ జట్టువాడే.

అలా చదువు ఆగిపోయిన జపాన్ మూలాల విద్యార్థులు 42 మందికి ఆరెగాన్ స్టేట్ 2008లో గౌరవ పట్టాలిచ్చింది. వాళ్లలో జాక్ యోషిహారా ఒకరు. మరుసటి ఏడాది ఆయన కన్నుమూశారు.