స్థిరపదం చిట్కా ఎక్కడ తప్పుతుంది?

విశాఖలో ఇంటర్ పిల్లల వాట్సాప్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది. ద్వారకానగర్ కోచింగ్ సెంటర్ల దగ్గరా అదే మాట. ‘ఏ బహుపది ఇచ్చినా స్థిరపదం కారణాంకాలు వేసి చూడు. ఏదీ సున్నా ఇవ్వకపోతే దానికి కారణాంకాలు లేవు, వదిలెయ్. విచక్షణి రుణాత్మకమైతే మూలాలే ఉండవు. ఐదో డిగ్రీకీ ఫార్ములా ఉంది, సార్లు చెప్పరంతే.’

స్థిరపదం అంటే చరరాశి లేని పదం, మూలం అంటే బహుపదిని సున్నా చేసే విలువ. మొదటి మాటలో సగం నిజముంది. గుణకాలన్నీ పూర్ణసంఖ్యలై, మొదటిది (అతి పెద్ద ఘాతం ఉన్న పదానిది) 1 అయితే, అకరణీయ మూలం, అంటే పూర్ణసంఖ్యో భిన్నమో అయిన మూలం, ఏదైనా స్థిరపదాన్ని భాగించి తీరాలి. 1 కాకపోతేనే చిక్కు. 2య³ + య² − 4య − 2 తీసుకోండి (చరరాశిని ‘య’ అంటున్నాను). 1, −1, 2, −2 ఏది వేసినా సున్నా రాదు. −1/2 వేస్తే వస్తుంది. మూలం భిన్నమైతే లవం స్థిరపదాన్ని, హారం మొదటి గుణకాన్ని భాగించాలి. మెసేజ్ రాసినాయన హారం సంగతే మర్చిపోయాడు. విడగొడితే వచ్చేది (2య + 1)(య² − 2).

అంతకన్నా పెద్ద తప్పు, మూలం దొరక్కపోతే కారణాంకాలు లేవనడం. య⁴ + 4 చూడండి. ఏ వాస్తవ సంఖ్య వేసినా విలువ 4 కంటే తగ్గదు, ఇక సున్నా ఎక్కడిది? అయినా 4య² కలిపి తీసేస్తే (య² + 2)² − (2య)² అవుతుంది. తర్వాతది తొమ్మిదో తరగతి లెక్కే: (య² + 2య + 2)(య² − 2య + 2). అకరణీయ గుణకాల వరకే చూస్తే రెండు, మూడు డిగ్రీలకు ఆ మాట చెల్లుతుంది. మూడుని ఎలా విడగొట్టినా ఒక ముక్క ఒకటో డిగ్రీదే కదా. నాలుగుని రెండూ రెండుగా విడగొట్టొచ్చు, చిట్కా బోల్తాపడేది అక్కడే.

వర్గ సమీకరణంలో విచక్షణి (b² − 4ac) రుణాత్మకమైతే లేనివి వాస్తవ మూలాలు. సంకీర్ణ మూలాలు (−1 వర్గమూలం కలిసినవి) రెండూ నిక్షేపంగా ఉంటాయి. ఇంటర్ పిల్లలకి ఇది చెప్పాల్సి రావడమే విడ్డూరం.

ఇక ఐదో డిగ్రీ. మూడు, నాలుగు డిగ్రీల ఫార్ములాలు 1545లోనే ఇటలీ గణితవేత్త కార్డానో పుస్తకంలో అచ్చయ్యాయి. కూడిక, తీసివేత, గుణకారం, భాగహారం, వర్గమూలం, ఘనమూలం లాంటివి వాడి ఐదో డిగ్రీ సమీకరణాలన్నిటికీ పనికొచ్చే ఫార్ములా ఉండదని 1824లో నార్వే కుర్రాడు ఏబెల్ రుజువు చేశాడు. లేనిదాన్ని సార్లు ఎక్కడ దాస్తారు? అలాగని ప్రతిదీ మొండికేయదు. య⁵ − 1 = 0 హాయిగా తేలుతుంది. య⁵ − య − 1 = 0 మాత్రం అలా లొంగదు. దాని ఒకే ఒక్క వాస్తవ మూలం కోసం న్యూటన్ పద్ధతిలో (ఒక ఊహతో మొదలై మెట్టుమెట్టుగా మూలానికి దగ్గరయ్యే లెక్క) 1.2 దగ్గర మొదలుపెడితే, రెండు మెట్లలోనే 1.1673 దగ్గరకి వచ్చేస్తాం.