ఆవుకుండే గుర్తింపు మా జేజికి లేదప్పా

మా జేజి బతికే ఉండాది. ఈ మాట నేను చెప్తే చెల్లదంట, జేజి చెప్పినా చెల్లదంట, మిషను చెప్పల్లంట.

ఒకటో తేదీ పొద్దున్నే సచివాలయం పిల్లోడు నాలుగు వేలు పింఛను పట్టుకోని ఇంటికొస్తాడు (వాణ్ణి ఏమీ అనేదానికి లేదు, పాపం కాఫీ కూడా తాగకుండా వస్తాడు), మిషను ముందర పెడతాడు, జేజి బొటనేలు పెడతాది, ఎర్రలైటు, "తుడిచి పెట్టవ్వా" అంటాడు, కొంగుతో తుడిచి పెడతాది, మళ్లీ ఎర్రలైటే. అట్లా వేళ్లు పదీ అయిపోయినాక కన్ను చూపించమన్నాడు, అది శుక్లం ఆపరేషన్ అయిన కన్ను, దాన్నీ నమ్మలేదు. "గీతలు అరిగిపోయినాయవ్వా" అన్నాడు. అరక్కుండా యాడికి పోతాయి, నలభై ఏళ్లుగా రెండు పూటలా పాలు పిండిన చెయ్యి కదా.

ఆ పాలిచ్చే జెర్సీ ఆవు మటుకు కొట్టంలో నిమ్మళంగా నెమరేస్తా ఉండాది. దాని చెవికి పసుపు బిళ్ల, బిళ్ల మీద పన్నెండంకెలు. జేజి ఆధార్‌కీ పన్నెండంకెలే. గాలికుంటు సూదేసే ఆయన వచ్చి చెవి చూసి నంబరు కొట్టుకుంటాడు, అంతే, పని అయిపాయె. నువ్వు బతికుండావా అని ఆవునెవురూ అడగరు.

సరే సోమవారం కలెక్టరాఫీసులో అర్జీ ఇద్దామంటే మాది పాకాల పక్క, 2022 ఏప్రిల్ 4న ఊరు ఊరి చోటనే ఉండి చిత్తూరు జిల్లా నుంచి తిరుపతి జిల్లాకి పోయింది, జేజి కార్డు మాత్రం ఇంకా చిత్తూరులోనే ఉండాది. ఆ కార్డు మార్చల్లంటే మళ్లీ వేలు పెట్టల్ల, లేదంటే ఓటీపీ, ఆ ఓటీపీ వచ్చే ఫోను మా మామ దగ్గర బెంగుళూరులో.

కాబట్టి గౌరవనీయులైన అధికారుల వారికి సవినయంగా మనవి చేసుకునేదేమనగా, ముసిలోళ్లకి కూడా చెవి బిళ్లలు మంజూరు చేయవలెను. ఆవులకి పసుపు కాబట్టి అవ్వలకి నీలం పెడితే కొట్టంలో కలిసిపోకుండా ఉంటాది. తాతలకి ఏ రంగో కమిటీ ఏసి తేల్చుకోవచ్చు, తొందరేం లేదు, వాళ్లెట్లా మిషను లెక్కలో లేరు కదా.

ఇది రాసి జేజికి చదివి వినిపిస్తే కమ్మలు తడుముకోని, "తూట్లు ముందే ఉండాయి లేరా, బిళ్ల తెమ్మను" అనింది.