ఒరిజినల్ బీరువాలో ఉంది

మా బావగారికి ఒరిజినల్ పిచ్చి. తెనాలి నుంచి హైదరాబాద్ వస్తూ నెయ్యి కూడా సీసాలో పోసుకుని తెచ్చుకుంటారు, ఇక్కడి నెయ్యి మీద నమ్మకం లేక. ఉంగరం కొంటే హాల్‌మార్క్ పక్కనుండే ఆరు అక్షరాల నంబరు ఫోన్‌లో కొట్టి చూసుకుంటే గానీ వేలికి తొడగరు. అలాంటి మనిషిని పోయిన నెల సాలార్‌జంగ్ మ్యూజియానికి తీసుకెళ్ళడం నాదే పొరపాటు.

మేలిముసుగు రెబెకా దగ్గర ఆయన చేతులు కట్టుకుని నిలబడిపోయారు. పాలరాతి మీద పల్చటి ముసుగు, అందులోంచి ముక్కు, పెదవులు, దించుకున్న కళ్ళు కనిపిస్తుంటే "రాయేనంటావా, లేక బట్ట తడిపి కప్పారా?" అని రెండుసార్లు అడిగారు. చెక్కింది ఇటలీ శిల్పి బెంజోనీ అని, మొదటి సాలార్‌జంగ్ 1876లో రోమ్‌లో కొన్నారని చెప్పాను. అక్కడితో ఊరుకుంటే సరిపోయేది. నోరు ఊరుకోదు కదా, "బెంజోనీ ఇలాంటివి ఇంకొన్ని కూడా చేశాడు బావగారూ, అమెరికా మ్యూజియాల్లో ఉన్నాయి" అన్నాను. ఆయన కట్టుకున్న చేతులు విప్పేశారు.

"అంటే ఇది జిరాక్సా?"

రాయి మారలేదు, ముసుగు మారలేదు, రెబెకా అలాగే నిలబడి ఉంది. అర నిమిషం క్రితం వరకూ కళాఖండం, ఇప్పుడు అర్ధరూపాయి జిరాక్స్! తర్వాత పన్నెండు గంటలకు మ్యూజికల్ గడియారం దగ్గర జనంలో నిలబడ్డాం. గడ్డం బొమ్మ బయటికొచ్చి గంట కొట్టడం మేమిద్దరం చూసింది ముందున్నాయన ఎత్తి పట్టుకున్న ఫోన్ తెరలో. దానికి మాత్రం బావగారు చప్పట్లు కొట్టారు.

ఆ ‘జిరాక్సా’ అనే మాట మీద నేను నెల రోజులుగా తీవ్రంగా ఆలోచించి ఒక నిర్ణయానికొచ్చాను. ఈ దేశంలో ఒరిజినల్ చేసే ఉద్యోగం ఒక్కటే, బీరువాలో ఉండటం. పదో తరగతి సర్టిఫికెట్ చూడండి. అది అమ్మ పట్టుచీరల కింద, కలరా ఉండల వాసనలో, ప్లాస్టిక్ కవర్లో పడుకుని ఉంటుంది. ఎండలో తిరిగేది, లైన్లో నిలబడేది, ఒకప్పుడు ఆకుపచ్చ సిరా సంతకం కోసం గెజిటెడ్ ఆఫీసర్ గుమ్మంలో కాచుకున్నది, మనకి ఉద్యోగం తెచ్చిపెట్టేది అంతా జిరాక్సే. ఇంత చాకిరీ చేశాక కూడా దాన్ని నకిలీ అంటే ఎలా?

మన పెద్దలకి ఈ పట్టింపు ఉన్నట్టు లేదు. ఏకలవ్యుడు మట్టి ద్రోణుడి ముందు నిలబడి విలువిద్య నేర్చుకున్నాడు. బొమ్మ కదా అని బాణం గురి తప్పలేదు. ఫీజు వసూలుకి మాత్రం ఒరిజినల్ గారే స్వయంగా వచ్చి బొటనవేలు పట్టుకెళ్ళారు. ధృతరాష్ట్రుడు కౌగిట్లో నలిపేసింది ఇనుప భీముణ్ణి. ఆ రోజు రెప్లికా అందుబాటులో లేకపోతే ఒరిజినల్ మిగిలేది కాదు. అశ్వమేధంలో రాముడి పక్కన బంగారు సీత కూర్చుంటే రుత్విక్కుల్లో ఒక్కరైనా "ఒరిజినల్ తీసుకుని రేపు రండి" అనలేదు. (అసలు సీతమ్మను అడవికి పంపి బొమ్మకు పీట వేసిన పద్ధతి గురించి నేనిక్కడ మాట్లాడను, మా ఇంట్లో ఆ చర్చ ఒకసారి జరిగింది, చాలు.) అంతెందుకు, మన గుళ్ళలో మామూలుగా మూలవిరాట్టు గర్భగుడి దాటరు, ఊరేగేది ఉత్సవమూర్తే. నౌబత్ పహాడ్ మీద 1976లో కట్టిన బిర్లా మందిర్లో వెంకన్నను చూసి "స్వామీ, మీరు హెడ్డాఫీసా, బ్రాంచా?" అని అడిగిన భక్తుణ్ణి నేనింతవరకూ చూడలేదు. బావగారు కూడా అడగలేదు, సాష్టాంగపడ్డారు.

ఇక చార్మినార్. బావగారు దాని ముందు సెల్ఫీ దిగి, ‘1591 నాటి ఒరిజినల్‌తో’ అని అక్కకి పంపించారు. చెప్పక తప్పలేదు. మొఘల్ సుబేదార్ల కాలంలో పిడుగు పడి నైరుతి మినారు కూలితే 60 వేల రూపాయలు పెట్టి మళ్ళీ నిలబెట్టారు. 1824లో లక్ష రూపాయలతో మొత్తం గచ్చు కొత్తగా చేయించారు. 2019లో ఒక మినారు నుంచి గచ్చు పెచ్చు ఊడి కింద పడితే పురావస్తు శాఖ వాళ్ళు దానికీ మాటు వేశారు. ఆయన భుజం వెనక కనిపిస్తున్న చార్మినార్ చర్మంలో 1591 ఎంత, 1824 ఎంత, మొన్నటి సున్నం ఎంత అని తూకం వేసి ఫొటో కింద రాయాలంటే కాప్షన్ ఫొటో కంటే పొడుగవుతుంది. మన వాళ్ళు కరాచీ బహదూరాబాద్‌లో 2007లో ఇంకో చిన్న చార్మినార్ కట్టుకున్నారు. ఊరు వదిలి వెళ్ళినవాళ్ళకి ఊరి గుర్తు కావాలనిపించింది, కట్టుకున్నారు. దాన్ని నకిలీ అనడానికి నాకు నోరు రాదు.

ఒరిజినల్ మీద మనకున్న గౌరవం ఎలాంటిదో కోహినూర్‌ని అడగాలి. కృష్ణ ఒడ్డున కొల్లూరు గనుల్లో పుట్టిందంటారు, మన గోల్కొండ వజ్రమే. 186 క్యారెట్ల రాయిని 1852లో లండన్‌లో మెరుపు చాల్లేదని అరగదీసి 105.6 క్యారెట్లు చేశారు. మొఘలులు చూసిన, రంజిత్ సింగ్ చేతికి కట్టుకున్న ఆ పాత రూపం కావాలంటే ఇప్పుడు నమూనాలే దిక్కు. అంటే ఒరిజినల్లో అసలు రూపం లేదు, అసలు రూపం ఉన్నది ఒరిజినల్ కాదు. టీవీ చర్చల్లో "మా కోహినూర్ మాకివ్వండి" అని అరిచే పెద్దలు ఏ కోహినూర్ అడుగుతున్నారో స్పష్టంగా చెప్తే బాగుంటుంది, ఆ రాలిన 80 క్యారెట్ల లెక్క కూడా ఎవరో ఒకరు అడగాలి కదా.

నా వాదనకి పనికిరాని ఉదాహరణ కూడా ఉంది, దాచను. పబ్లిక్ గార్డెన్స్‌లోని స్టేట్ మ్యూజియంలో అజంతా బొమ్మల నకళ్ళున్నాయి. అజంతా అప్పట్లో నిజాం రాజ్యంలోదే. సయ్యద్ అహ్మద్, జలాలుద్దీన్ అనే చిత్రకారులు గుహల్లో కూర్చుని గోడ మీద ఉన్నది ఉన్నట్టు, పెచ్చులూడిన చోట ఊడినట్టే గీశారు. ముందు తరంలో రాబర్ట్ గిల్ అనే ఇంగ్లీషు చిత్రకారుడు ఏళ్ళ తరబడి గీసిన నకళ్ళు 1866లో లండన్ క్రిస్టల్ ప్యాలెస్ మంటల్లో పోయాయి. తర్వాత గ్రిఫిత్స్ అనే ఇంకో ఇంగ్లీషు చిత్రకారుడి బృందం మళ్ళీ గీస్తే వాటిలోనూ ఎన్నో 1885లో ఇంకో అగ్నిప్రమాదానికి పోయాయి. జిరాక్స్ కూడా కాలిపోతుంది మరి. అయితే అదే సమయంలో ఒరిజినల్ ఏమైనా సుఖంగా ఉందా? 1920లో నిజాం ప్రభుత్వం ఇటలీ నిపుణుల్ని పిలిపిస్తే వాళ్ళు కాపాడదామనే పూసిన వార్నిష్ తర్వాత్తర్వాత నల్లబడింది. నేను వెళ్ళిన రోజు ఆ అజంతా గదిలో నేనూ, ఫ్యానూ ఉన్నాం. జనమంతా పక్కన ఈజిప్టు మమ్మీ దగ్గర ఉన్నారు, శవం గ్యారంటీగా ఒరిజినల్ కాబట్టి.

ఒరిజినల్‌ని ఒరిజినల్‌లా వాడుకున్న మనిషిని నా ఎరికలో ఒక్కణ్ణే చూశాను. 2018లో పురానీ హవేలీలోని నిజాం మ్యూజియం నుంచి వజ్రాలు పొదిగిన బంగారు టిఫిన్ బాక్స్ ఎత్తుకెళ్ళినవాళ్ళలో ఒకడు అందులో భోజనం చేశాడని పోలీసులు చెప్పారు. దొంగతనం తప్పే. కానీ టిఫిన్ బాక్స్‌కి జీవితంలో ఒక్కసారైనా అన్నం వాసన తగిలింది కదా.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. పాతబస్తీలో ఒక దుకాణం, పేరు చెప్పను. మూరెడు పొడవు ఇత్తడి దుర్భిణి, ఒక గొట్టంలోంచి ఇంకో గొట్టం బయటికి లాగేది, మీద ‘లండన్ 1857’ అని చెక్కి ఉంది. దుకాణం పెద్దాయన దాన్ని ఎర్రబట్టలోంచి తీసిన తీరు చూస్తే పసిబిడ్డను ఉయ్యాల్లోంచి ఎత్తినట్టుంది. "నిజాం జమానా కా మాల్ సాబ్, కింగ్ కోఠీ సే నిక్లా" అన్నాడు గొంతు తగ్గించి. బావగారి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. పొద్దున రెబెకాని జిరాక్స్ అన్న మనిషే!

నేను బొటనవేలితో ఆకుపచ్చ చిలుము మీద రుద్దాను. వేలికి అంటుకుంది. వాసన చూస్తే బూట్ పాలిష్. అద్దం బిగించిన చోట రెండు ప్లస్ మార్కు స్క్రూలున్నాయి. ఆ ప్లస్ స్క్రూకి ఫిలిప్స్ అనే అమెరికా ఆయన పేటెంట్లు తీసుకుంది 1930ల్లో. 1857లో సిపాయిలు తిరగబడే నాటికి ఆ స్క్రూ పుట్టలేదు, దాన్ని తిప్పే స్క్రూడ్రైవరూ పుట్టలేదు. ఈ మాట నేను అనేలోపే బావగారు "దీన్ని దుబాయ్‌లో మా అబ్బాయికి పంపించొచ్చా?" అని అడిగారు. పెద్దాయన గొంతు వెంటనే మామూలైపోయింది. "బేఫికర్ సాబ్! కొత్త సామానే అని కాగితం ఇప్పిస్తా."

ఒక్క ఊపిరిలో 160 ఏళ్ళు తగ్గిపోయాయి. ఆ పెద్దాయనది చట్టరీత్యా సరైన మాటే. 1972 నాటి పురావస్తువుల చట్టం ప్రకారం వందేళ్ళు దాటిన పాతవస్తువు దేశం దాటకూడదు, రాతప్రతి అయితే 75 ఏళ్ళు. పంపాలంటే ఇది పురావస్తువు కాదు అని పురావస్తు శాఖ దగ్గర సర్టిఫికెట్ తెచ్చుకోవాలి. అంటే మన దేశంలో నకలుకి సర్కారు వారి ధ్రువపత్రం ఉంటుంది. నాదొక చిన్న విన్నపం, ఆ కాగితాన్నే ఆకుపచ్చ సిరాతో ‘ట్రూ కాపీ’ అని రాసి షోకేసులో వస్తువు ముందే పెట్టించండి. పెళ్ళిలో వన్‌గ్రామ్ గోల్డ్ హారం వేసుకున్న పిన్ని "వన్‌గ్రామే, బాగుంది కదూ" అని తనే చెప్పేస్తుంది, అందరం బాగుందంటాం, ఎవరికీ టెన్షన్ లేదు. ఆ పాటి నిజాయితీ దుర్భిణికి కూడా ఉంటే నా అభ్యంతరం లేదు. దానికి బూట్ పాలిష్ పూసి ముసలి వేషం వెయ్యడం దగ్గరే నాకు మంట.

స్క్రూ సంగతి చెప్పాను. బావగారు స్క్రూ వంక చూశారు, నా వంక చూశారు, తొమ్మిది వేలు చెప్పినదాన్ని 2,500కి బేరం చేసి కొనేశారు. దారి పొడుగునా మాట్లాడలేదు.

మొన్న తెనాలి నుంచి ఫోన్ చేశారు. దుబాయ్ పంపలేదట, హాల్లో షోకేసులో పెట్టారట, చూడ్డానికి వీధిలో వాళ్ళంతా వచ్చారట. "ఏవోయ్, ఎదురింటి మాస్టారు ఆ స్క్రూల దగ్గర తెగ చూస్తున్నాడు. పాతకాలం గీత స్క్రూలు అక్కడేమైనా దొరుకుతాయా?"

గురువారం పొద్దున్నే జుమేరాత్ బజార్ వెళ్ళాను. తుప్పు సామాన్ల గుట్టలో అరగంట వెతికితే గీత స్క్రూలు నాలుగు దొరికాయి. నిజంగా పాతవే, తుప్పు ఎంత రుద్దినా వేలికి అంటలేదు. ఎంత అని అడిగితే కుర్రాడు "పది రూపాయలకి గుప్పెడు తీసుకో అన్నా" అన్నాడు. కొరియర్‌కి నూట ఇరవై అయింది.